నీళ్ళు రాని కుళాయికి ప్రథమ బహుమతి

మా బడి కుళాయిలో నీళ్ళు ఆగిపోయిన మొదటి తొమ్మిది నెలలూ అది ఒట్టి ఇబ్బంది. ఆ తరువాత కళాఖండమైంది. ఈ మార్పుకు కారకుణ్ణి నేనే కాబట్టి జరిగింది జరిగినట్టు చెప్పడం కూడా నా బాధ్యతే. నా పేరు చెన్నకేశవులు. జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలలో తెలుగు పండితుణ్ణి. ఇరవై ఆరేళ్ళుగా సుద్దముక్క తప్ప మరో ఆయుధం ఎరగను.

కుళాయికి వచ్చిన రోగం చాలా చిన్నది. రోడ్డు మీది పెద్ద పైపులో నీళ్ళున్నాయి. మా ప్రహరీ పక్కన ఉన్న వాల్వు తుప్పు పట్టి విరిగింది, నీళ్ళు గోడ అవతలే ఆగిపోయాయి. ప్లంబరు మస్తాన్ వంగి చూసి, "అరగంట పని మేడమ్. సామాను కూడా నా సంచిలోనే ఉంది," అన్నాడు. కానీ ఆ వాల్వు బడిది కాదట, నీటి సరఫరా శాఖదట. వాళ్ళ అనుమతి లేకుండా ముట్టుకుంటే కేసు పెడతారట. అందుకని మా హెడ్మిస్ట్రెస్ మరియకుమారి గారు అనుమతి కోసం ఉత్తరం మీద ఉత్తరం రాస్తూ వచ్చారు.

ఈలోగా పిల్లలు రోడ్డు దాటి పాలకేంద్రం బోరు దగ్గర బిందెలు నింపుకొచ్చేవాళ్ళు. ఆ నీళ్ళు తాగడానికే చాలవు. ఇక మరుగుదొడ్లలోకి ఎక్కడివి? పెద్ద తరగతుల ఆడపిల్లలు మధ్యాహ్నం అన్నం తినగానే ఇళ్ళకు వెళ్ళిపోయేవాళ్ళు, మళ్ళీ వచ్చేవాళ్ళు కాదు. ఎనిమిదో తరగతిలో ఆడపిల్లలు పందొమ్మిది మంది. మధ్యాహ్నం హాజరు వేస్తే ఆరుగురు. ఆ ఆరుగురిలో ఒకతె కోమలి. ఒకరోజు నోటుబుక్కు దిద్దించుకోవడానికి వచ్చి, "మా అమ్మ మిరపకోతలు మొదలయ్యే దాకా చూస్తానంది సార్. అప్పటికీ నీళ్ళు రాకపోతే నన్ను బడి మానిపిచ్చి కోతకి తీసకపోద్దంట," అని చెప్పింది. మా వైపు మిరపకోతకు వెళ్ళిన పిల్ల మళ్ళీ బడికి రావడం నేను చూడలేదు.

సరిగ్గా ఆ రోజుల్లోనే పైనుంచి 'దృశ్య వ్యాకరణ పథకం' దిగింది.

పథకానికి ప్రత్యేక సంచాలకులు శతానందం గారు. ఆయన పదిహేను రోజులు విదేశీ అధ్యయన యాత్ర చేసి వచ్చారు. అక్కడ ఒక చీకటి గదిలో ఖాళీ కుర్చీ వీడియోను నలభై నిమిషాలు చూశారట. చూసి బయటికి వచ్చేసరికి తెలుగు పిల్లలకు భాషాభాగాలు ఎందుకు రావడం లేదో ఆయనకు తేటతెల్లమైపోయిందట. వారం తిరక్కుండా మాకు సర్క్యులర్ అందింది.

"ఇందుమూలముగా సమస్త తెలుగు ఉపాధ్యాయులకు తెలియజేయునది ఏమనగా, నామవాచకము, సర్వనామము, విశేషణము, క్రియ, అవ్యయము అను భాషాభాగములను ఇకమీదట బోధించరాదు. అనుభవింపజేయవలెను. ఇందునిమిత్తము ప్రతి పాఠశాల ఒక్కొక్క భాషాభాగముపై ఒక ప్రయోగాత్మక వీడియో కళాఖండమును తయారుచేసి పోర్టల్ నందు అప్‌లోడ్ చేయవలెను. నిడివి తొమ్మిది నిమిషములకు తగ్గరాదు. ఉదాహరణలు చూపరాదు. మొదటి వీక్షణలోనే అర్థమైనచో తిరస్కరించబడును. ఈ కాలమందు సుద్దముక్క వినియోగము నిషిద్ధము."

చివరి వాక్యం చదివి నేను జేబు తడుముకున్నాను.

సరే, ఉద్యోగం చేస్తున్నాం గనక మొదలుపెట్టాం. నామవాచకం కోసం బడి పేరు రాసిన బోర్డును తొమ్మిది నిమిషాలు కదలకుండా తీశాను. మూడోరోజు జవాబు వచ్చింది: "అర్థమగుచున్నది. తిరస్కరించడమైనది." విశేషణం కోసం మా వంటమనిషి నాంచారమ్మ చేసిన ఎర్రటి పచ్చడిని దగ్గరగా తీశాను. "రుచి కూడా అర్థమగుచున్నది. తిరస్కరించడమైనది." సర్వనామం కోసం, రెండేళ్ళుగా ఖాళీగా ఉన్న లెక్కల మాష్టారి స్థానంలో పాఠం చెబుతున్న డ్రిల్లు మాష్టారిని తీశాను. అది ఆయనకే అర్థం కాలేదు, కానీ పోర్టల్‌కు అర్థమైపోయింది. ఇంకొక్కటి తిరస్కరిస్తే నాకు మెమో తప్పదని మండల కార్యాలయం నుంచి ఫోన్ వచ్చింది.

తరువాతి వంతు క్రియది. ఆడపిల్లలు తాడాట ఆడుతుంటే తొమ్మిది నిమిషాలు తీశాను. ఇది కూడా అర్థమవుతుందేమోనని భయపడి మధ్యలో ఫోనును తలకిందులు చేశాను. అదేరోజు మరియకుమారి గారు పిలిచి, "మాష్టారూ, ఉత్తరాలతో పనయ్యేట్టు లేదు. ఆ కుళాయిని వీడియో తీసి నీటి శాఖ వాళ్ళ పోర్టల్లో ఫిర్యాదు కింద పెట్టండి. చూసైనా కదులుతారేమో," అన్నారు. పోయి కుళాయి ముందు నిలబడ్డాను. తిప్పాను. ఏమీ రాలేదు. వస్తుందేమోనని అలాగే చూస్తూ నిలబడ్డాను. నా పక్కన ఖాళీ బిందెతో కోమలి కూడా నిలబడింది. తీరా చూసుకుంటే పది నిమిషాలు రికార్డయింది.

రెండు పోర్టళ్ళకూ ఆఖరి గంట సాయంత్రం అయిదు. సిగ్నల్ మా సైకిల్ స్టాండు దగ్గర తప్ప దొరకదు. ఆ హడావుడిలో తాడాట నీటి శాఖకు వెళ్ళింది. కుళాయి విద్యాశాఖకు వెళ్ళింది.

నీటి శాఖ తాడాటను చూసి రెండోరోజే జవాబిచ్చింది: "పరిశీలించడమైనది. పిల్లలు సంతోషముగా ఉన్నారు. ఫిర్యాదు పరిష్కృతమైనది."

విద్యాశాఖ నుంచి జవాబు రాలేదు. ఏకంగా సంచాలకుల వారే ఫోన్ చేశారు.

"చెన్నకేశవులు గారూ, మీరు ఇన్నాళ్ళూ ఎక్కడున్నారండీ?"

"ఇక్కడేనండీ, ఎనిమిదో తరగతి ఎదురుగా."

"ఆ కుళాయి! తిప్పారు, రాలేదు! ఎదురుచూశారు, రాలేదు! క్రియ లేకపోవడంలోనే క్రియను ప్రతిష్ఠించారు. ఆ ఖాళీ బిందె అయితే... నేను మూడుసార్లు చూశాను, మూడుసార్లూ ఏమీ అర్థం కాలేదు. రాష్ట్రంలో మీదే ప్రథమ బహుమతి."

"అయ్యా, అది పొరపాటున..."

"మహత్తరమైన కళ ఎప్పుడూ పొరపాటుగానే పుడుతుంది," అని ఆయన ఫోన్ పెట్టేశారు.

నిజం చెప్పొద్దూ, నిమిషంసేపు నాకూ సంతోషమే వేసింది. ఇరవై ఆరేళ్ళలో నన్ను ఎవరూ ప్రథమం అనలేదు. ఆ సంతోషానికి ఇప్పటికీ సిగ్గుపడుతున్నాను. ఎందుకంటే నాలుగోరోజు మెమో వచ్చింది. బహుమతి పొందిన కళాఖండాన్ని తదుపరి ఉత్తర్వులు వెలువడే వరకు యథాస్థితిలో కాపాడాలి. చుట్టూ తాడు కట్టాలి. 'ముట్టరాదు' అని బోర్డు పెట్టాలి. గంటకొకసారి ఒక ఉపాధ్యాయుడు వెళ్ళి చూసి 'కుళాయి పరిరక్షణ రిజిస్టరు'లో సంతకం చేయాలి. చుక్క నీరు పడినా ఇరవైనాలుగు గంటల్లో నివేదించాలి.

అలా మా బడిలో ఒక రిజిస్టరు పుట్టింది. పది గంటలు: నీరు రాలేదు. పదకొండు గంటలు: నీరు రాలేదు. డ్రిల్లు మాష్టారు మాత్రం తన వంతు వచ్చినప్పుడు 'ఈ గంట కూడా నీరు రాలేదు, చాలా బాగుంది' అని రాసేవాడు. తాడు కట్టడానికి తాడాట తాడునే వాడాం, బడిలో మరొకటి లేదు.

ఇంతలో మా కుళాయి జిల్లాకు నమూనా అయింది. అన్ని బళ్ళూ క్రియను ఇదే పద్ధతిలో అనుభవింపజేయాలని ఉత్తర్వు. నీళ్ళు వచ్చే కుళాయిలున్న హెడ్మాస్టర్లకు పాపం చిక్కొచ్చిపడింది. పక్క మండలం హెడ్మాస్టరు గారు నాకు ఫోన్ చేసి ఏడ్చినంత పని చేశారు. "మా ట్యాపు ఎంత బిగించినా చుక్క చుక్క కారతానే ఉంది మాష్టారూ. సంజాయిషీ అడిగారు. మీరు ఎట్టా సాధించారో కొంచెం చెబుదురూ!" నేను ఏం చెప్పను? పది నెలలు ఉత్తరాలు రాస్తే చాలునన్నాను. ఆయన రాసుకున్నారు.

ఉపాధ్యాయ బృందాలు బస్సులేసుకుని మా కుళాయిని చూడటానికి రాసాగాయి. తాడు ఇవతల వరసగా నిలబడి తొమ్మిది నిమిషాలు చూసేవాళ్ళు. చూసి, నోట్సు రాసుకుని, వెళ్ళబోతూ తాగడానికి మంచినీళ్ళు అడిగేవాళ్ళు. కోమలి వాళ్ళు మోసుకొచ్చిన రెండు బిందెలూ వాళ్ళకే సరిపోయేవి.

ఆ పరిస్థితిలో, సరిగ్గా పదకొండో నెలలో, మేము రాసిన ఉత్తరాల్లో మొదటిది నీటి శాఖలోని అన్ని బల్లలూ దిగి మా బడికి చేరింది. వాల్వు బాగుచేసుకోవడానికి అనుమతి! మస్తాన్ సంచి తీసుకుని ఉరుకులు పరుగుల మీద వచ్చాడు. మరియకుమారి గారు గేటు దగ్గర అడ్డంగా నిలబడ్డారు. ఒక చేతిలో అనుమతి, ఒక చేతిలో మెమో.

"ఏంది మేడమ్, పోనీరా?" అన్నాడు మస్తాన్.

"నువ్వు దాన్ని బాగుచేస్తే నా ఉద్యోగం పోద్ది మస్తానూ."

"చెయ్యకపోతే?"

"పిల్లల చదువు పోద్ది." ఆమె కళ్ళు తుడుచుకోవడం ఆరోజే చూశాను. "రేపు రా. పైకి రాసి అడుగుతాను."

మస్తాన్ అలా మూడుసార్లు వచ్చి మూడుసార్లు తిరిగి వెళ్ళాడు. పైకి రాసిన ఉత్తరానికి జవాబు ఇలా వచ్చింది: "కళాఖండమును బాగుచేయు ప్రసక్తి లేదు. అయితే సదరు ప్లంబరు మూడుసార్లు వచ్చియు బాగుచేయకుండుట గమనార్హము. క్రియను త్యజించిన సదరు వ్యక్తిని బహుమతి ప్రదాన సభలో శాలువాతో సత్కరించవలెను. పనిముట్లతో సహా హాజరుకావలెను."

"నేను చెయ్యని పనికి నాకు శాలువానా?" అని మస్తాన్ రెండు రోజులు నవ్వాడు. మూడోరోజు నవ్వలేదు. కోమలి వాళ్ళ వీధి చివరి చేలల్లో మిరపకోతలు మొదలయ్యాయి.

సభ ఆ శుక్రవారమే. కోమలి వాళ్ళమ్మ కూడా ఆరోజు బడికొచ్చింది. వచ్చింది సభ కోసం కాదు. "సోమవారం నించి పిల్ల రాదు సారూ, పేరు తీసెయ్యండి," అని చెప్పడానికి. "సభ అయ్యేదాకా ఉండమ్మా," అని బతిమాలాను. ఉంటే ఏమవుతుందో నాకే తెలియదు.

సంచాలకుల వారు పదకొండింటికి కారు దిగారు. తెల్లటి ఖాదీ, మెడలో కండువా. దిగగానే చేసిన మొదటి పని బడి ఆవరణ నాలుగు వైపులా చూడటం. "ఆ బిందెలేమిటి? ఈ సీసాలేమిటి? ఎక్కడా నీరు కనపడకూడదు. నీటి దృశ్యం కళాఖండం యొక్క భావాన్ని భంగపరుస్తుంది." బిందెల నీళ్ళు మొక్కలకు పోయించారు. మంచినీళ్ళ సీసాల పెట్టెను ఆయన కారులోనే పెట్టించి, ఆ కారును మండల కేంద్రం నుంచి విలేకరుల్ని తీసుకురమ్మని పంపించారు.

ముందు భోజనం. తాను నిరాడంబరుణ్ణని చూపించడానికి పిల్లల బంతిలో కూర్చున్నారు. నాంచారమ్మ పెద్దసారు వస్తున్నాడని ఆ పొద్దున కోసిన పండుమిరపకాయలతో పచ్చడి నూరింది. ఆయన రెండుసార్లు వేయించుకున్నారు. చెయ్యి కడుక్కోవడానికి చూశారు, నీళ్ళు లేవు, తానే పంపించేశారు. కాగితంతో తుడుచుకుని, "ఇది కూడా ఒక అనుభవమే," అన్నారు.

తరువాత సభ. మస్తాన్‌కు శాలువా కప్పారు. పనిముట్ల సంచికి దండ వేశారు. ఆ పైన అందరినీ కుళాయి దగ్గరికి నడిపించి, ప్రత్యక్ష వీక్షణం అన్నారు. దాన్నంతటినీ తొమ్మిది నిమిషాలు ఆపకుండా వీడియో తీసే పని కోమలికి అప్పగించారు. వీక్షణం సాగుతున్నంతసేపూ ఏం జరిగినా ఎవరూ జోక్యం చేసుకోరాదని మైకులో రెండుసార్లు చెప్పారు.

సంచాలకుల వారు తాడు దాటి లోపలికి వెళ్ళి కుళాయిని తిప్పారు. ఏమీ రాలేదు. "చూడండి," అన్నారు మెల్లగా. "ఈ శూన్యం. ఈ దాహం. పిల్లలారా, దీన్ని చూస్తే నా కన్ను చెమర్చుతోంది." నిజంగానే చెమర్చింది. ఆయన ఆ కన్నీటి చుక్కను కుడిచేతి చూపుడువేలితో సున్నితంగా తుడుచుకున్నారు.

తరువాత పెద్ద కేక వేశారు.

రెండు వందల మంది పిల్లలు చప్పట్లు కొట్టారు. ఉపాధ్యాయులం మేమూ కొట్టాం. మొదటి వీక్షణలో అర్థం కాకూడదని సర్క్యులర్‌లో ఉంది కదా. ఆయన ఎగిరారు, గుండ్రంగా తిరిగారు, కుళాయిని కుడికీ ఎడమకీ తిప్పారు, దాని కింద తల పెట్టారు. రెండో కన్ను కూడా తుడుచుకున్నారు. చప్పట్లు రెట్టింపయ్యాయి. డ్రిల్లు మాష్టారు నా చెవిలో, "ఈయన క్రియ బాగానే చేస్తున్నాడండీ," అన్నాడు.

"నీళ్ళు! అయ్యో, నీళ్ళు తెండయ్యా!"

ఎవరూ కదల్లేదు. జోక్యం చేసుకోరాదు కదా. ఒక్క నాంచారమ్మ మాత్రం, "పచ్చడి చేత్తో కళ్ళు నలుపుకున్నాడు, చూస్తా నిలబడ్డారేందయ్యా!" అని అరిచి పాలకేంద్రం వైపు పరుగెత్తింది.

"ఈ దిక్కుమాలిన కుళాయిని ఎవడో ఒకడు బాగుచేసి చావండి!" అన్నారు సంచాలకుల వారు.

మరియకుమారి గారు అప్పుడు ముందుకు వచ్చారు. ఆమె చంకలో మినిట్స్ పుస్తకం ఉంది. మా కార్యాలయాల్లో ఒక పద్ధతి ఉంది: పెద్ద అధికారి నోటితో చెప్పింది పుస్తకంలో ఎక్కితే అది ఉత్తర్వే. "అయ్యా, ఇది తమ ఉత్తర్వేనాండీ?" అని అడిగారు వినయంగా.

"ఉత్తర్వే! ఉత్తర్వే!"

"వెంటనే అమల్లోకి వస్తుందాండీ?"

"ఈ క్షణమే!"

ఆమె కలం తీసి, ఒక్కొక్క అక్షరం స్పష్టంగా రాసుకున్నారు. 'గౌరవ సంచాలకుల వారి మౌఖిక ఆదేశముల మేరకు కుళాయి మరమ్మతు తక్షణమే చేపట్టడమైనది. సమయం ఒంటిగంట ఇరవై.' కింద నన్ను సాక్షి సంతకం పెట్టమన్నారు. ఇరవై ఆరేళ్ళలో అంత సంతోషంగా నేనెక్కడా సంతకం పెట్టలేదు. అప్పటికే మస్తాన్ శాలువా నడుముకు చుట్టుకుని, దండ తీయకుండానే సంచి భుజాన వేసుకుని గోడ అవతలికి దూకాడు.

బోరుకు కరెంటు లేదని నాంచారమ్మ ఒక చెంబు పాలు పట్టుకొచ్చి ఆయన కళ్ళలో పోసింది. "తల ఎత్తు నాయనా, కళ్ళు ఆర్పు," అంటూ చంటిపిల్లాడికి చేసినట్టు చేసింది. అరగంటకు మంట కాస్త తగ్గాక, ఖాదీ మీద పాలు కారుతుండగా ఆయనకు ఉద్యోగం గుర్తొచ్చింది.

"అమ్మా, ఆ మాట నేను బాధలో అన్నాను. దాన్ని ఉపసంహరించుకుంటున్నాను."

"మినిట్స్‌లో ఎక్కిందండీ," అన్నారు మరియకుమారి గారు. "కొట్టివేయాలంటే పై అధికారుల రాతపూర్వక ఆమోదం కావాలండీ. రాస్తానండీ. పదకొండు నెలల్లో వచ్చేస్తది."

ఆయన ఏదో అనబోయారు. ఆలోపల కుళాయి దగ్గింది. గాలి వచ్చింది, తరువాత ఎర్రటి తుప్పునీళ్ళు, ఆ తరువాత మంచినీళ్ళు. పిల్లలు ఈసారి చప్పట్లు కొట్టలేదు, తాడు తెంచుకుని మీద పడ్డారు. అందరికంటే ముందు సంచాలకుల వారు పడ్డారు. రెండు చేతులా నీళ్ళు పట్టి మొహం కడుక్కుంటూ ఆయన "అబ్బా!" అన్న మాటలో కళ ఏమీ లేదు, హాయి మాత్రమే ఉంది. తొమ్మిది నిమిషాలు ఎప్పుడో దాటిపోయినా కోమలి నీళ్ళు వచ్చేదాకా వీడియో ఆపలేదు. ఆపిన తరువాత ఫోను నా చేతిలో పెట్టి పరుగెత్తింది. వాళ్ళమ్మ కుళాయి దగ్గర కొంగు బొడ్లో దోపుకుని చిన్నపిల్లల చేతులు కడుగుతోంది. పేరు తీసెయ్యమన్న సంగతి మళ్ళీ ఎత్తలేదు, నేనూ గుర్తుచేయలేదు.

సోమవారం మధ్యాహ్నం ఎనిమిదో తరగతిలో హాజరు వేశాను. ఆడపిల్లలు పందొమ్మిది మందికి పందొమ్మిది మందీ పలికారు. తలుపేసి, జేబులోంచి సుద్దముక్క తీశాను.

మంగళవారం నాకు మెమో వచ్చింది. "ప్రథమ బహుమతి పొందిన కళాఖండము ఎట్లు ధ్వంసమైనది? ఏమి జరిగినదో మూడు దినములలో సవివరముగా సంజాయిషీ ఇవ్వవలెను." తెల్లకాగితం తీసుకుని చాలాసేపు ఆలోచించాను. సవివరంగా రాయడానికి ఎంత ప్రయత్నించినా ఒక్క వాక్యమే వచ్చింది. అదే రాసి, సంతకం పెట్టి పంపాను.

"నీళ్ళు వచ్చాయి."

వారం తరువాత నా కాగితం తిరిగి వచ్చింది. కింద ఎర్రసిరాతో రాసి ఉంది: "అర్థమగుచున్నది. తిరస్కరించడమైనది."

దాన్ని మడిచి జేబులో సుద్దముక్క పక్కన పెట్టుకుని, కుళాయి దగ్గరికి వెళ్ళి చల్లగా మొహం కడుక్కున్నాను.